శిక్ష పడినవాడికి గడువుంది, నిర్దోషికి గడువు లేదా?



గత జనరల్ బాడీలో ఒక తమ్ముడు లేచి నిలబడి మమ్మల్ని నిలదీశాడు. "అన్నా, బోనస్ బాకీ ఉన్నది, పి.ఎఫ్. కట్టలేదు, మూతబడ్డ మిల్లు గ్రాట్యుటీ ఇంకా రాలేదు. ఇవన్నీ వదిలిపెట్టి ఎవరిదో తుపాకి లైసెన్సు కోసం యూనియన్ ఫండు ఖర్చు పెట్టి హైకోర్టుకు పోవడమేమిటి? తుపాకులు సేఠ్‌లకు, లీడర్లకు కావాలి గాని మగ్గం నడిపేవాడికి ఎందుకు?" అన్నాడు. సభలో కొందరు నవ్వారు, కొందరు చప్పట్లు కూడా కొట్టారు.

ఆ ప్రశ్న న్యాయమైనదే. మీ చందా డబ్బుకు లెక్క చెప్పే బాధ్యత మాది. అందుకే ఆ రోజు నాలుగు మాటలతో సరిపెట్టక ఇప్పుడు వివరంగా రాస్తున్నాము.

ముందుగా ఆ సభ్యుడి సంగతి. ఆయన పేరు, ఊరు, ఆఫీసు పేరు ఇక్కడ రాయడం లేదు. ఫైలు ఇంకా అధికారి బల్లమీదనే ఉన్నది, మా రాతవల్ల ఆయనకు నష్టం రాకూడదు. ఆయన మనలాగే లూంల ఖాతాలో పనిచేసినవాడు. బదిలీ కార్మికుడిగా చేరి పర్మనెంటు అయినాడు. మిల్లు మూతబడ్డాక కొంతకాలం పవర్‌లూం మీద కూలికి పోయినాడు. తరువాత ఒక సెక్యూరిటీ ఏజెన్సీ గడప తొక్కినాడు. లాఠీ పట్టుకుని నిలబడే గార్డుకు ఒక జీతం, సొంత లైసెన్సు, సొంత బందూకు ఉన్న గన్‌మన్‌కు ఒక జీతం అన్నారు. 2006లో లైసెన్సు వచ్చింది. క్రెడిట్ సొసైటీలో అప్పు చేసి డబల్ బ్యారల్ బందూకు కొన్నాడు. బ్యాంకు గేటు దగ్గర ఎనిమిదేళ్లు నిలబడ్డాడు. రెండుసార్లు రెన్యువల్ అయింది. ఒక్క మచ్చ లేదు. మనకు మగ్గం ఎట్లాగో ఆయనకు ఆ బందూకు అట్లాగు. అది పనిముట్టు.

2014లో మూతబడ్డ మిల్లు గేటు ముందు గ్రాట్యుటీ కోసం ధర్నా చేశాము. ఆ రోజు ఆయనకు సెలవు, బందూకు వెంట లేదు. మాతోపాటు వచ్చి కూర్చున్నాడు. ఎవరో రాయి విసిరారు, ఆఫీసు అద్దం పగిలింది. మా 23 మంది మీద కేసు పెట్టారు. 143, 147, 353 సెక్షన్లు. సమ్మె చేసినవాడెవడికీ ఈ అంకెలు కొత్తవి కావు. ఇప్పుడు పాత శిక్షాస్మృతి పోయి 2024 జూలై 1 నుంచి భారతీయ న్యాయ సంహిత వచ్చింది, సెక్షన్ల నంబర్లు మారాయి, గేటు దగ్గర మన బతుకు మారలేదు.

ఆ కేసు చూపించి 2015లో ఆయన లైసెన్సు రద్దు చేశారు. బందూకు జమ చేయించారు. మరుసటి రోజే ఏజెన్సీ ఆయనను పని నుంచి తీసేసింది. ఏడేళ్లు కోర్టు చుట్టూ తిరిగాక 2021లో మేజిస్ట్రేటు మా 23 మందినీ నిర్దోషులుగా విడుదల చేశారు. రాయి ఎవరు వేశారో ఒక్క సాక్షి కూడా చెప్పలేకపోయాడు.

తీర్పు కాపీ పట్టుకుని ఆయన లైసెన్సు తిరిగి ఇప్పించమని అర్జీ పెట్టుకున్నాడు. 2022లో జవాబు వచ్చింది: పోలీసు రిపోర్టు అనుకూలంగా లేదు, ప్రజా శాంతి దృష్ట్యా అర్జీ నామంజూరు. అప్పీలు చేశాడు. 2023లో ఇంకా చిన్న జవాబు వచ్చింది: కింది అధికారి ఉత్తర్వులో జోక్యం చేసుకోవడానికి కారణం కనబడలేదు. అంతే. ఆ పోలీసు రిపోర్టులో ఏమున్నదో మేము హైకోర్టుకు పోయినాక గాని తెలియలేదు. "ఇతనిపై ఫలానా నంబరు కేసు నమోదైనది" అని ఒక్క వాక్యం. ఆ కేసు కొట్టివేయబడిందన్న సంగతి అందులో లేదు! నిర్దోషి అని కోర్టు చెప్పి సంవత్సరం అయినా, పోలీసు స్టేషను రిజిస్టరులో ఆయన ఇంకా ముద్దాయే.

తమ్ముడా, ఇక చట్టం సంగతి విను. మేము పదో తరగతి దాటనివాళ్లం. అయినా వకీల్ సాబు దగ్గర కూర్చుని సెక్షను వెంట సెక్షను చదివించుకున్నాము. 1959 ఆయుధాల చట్టం 9వ సెక్షను ఏమంటున్నదంటే, హింసతో గాని నీతిమాలిన పనితో గాని కూడిన నేరానికి శిక్షపడి జైలుకు పోయినవాడు శిక్ష ముగిశాక ఐదేళ్ల వరకు తుపాకి ఉంచుకోరాదు. ఐదేళ్లు! ఆ తరువాత ఆ నిషేధం తీరిపోతుంది. తరువాత కూడా అధికారి అతని అర్హత చూడవచ్చు, కాదనము. కాని నిషేధానికి ఒక గడువంటూ ఉన్నది.

ఇప్పుడు లెక్క వేయండి. మన సభ్యుడు నిజంగానే రాయి వేసి ఉంటే, 2021లో ఆరు నెలలు శిక్షపడి జైలుకు పోయి ఉంటే, ఆ నిషేధం 2027 నాటికి తీరిపోయేది. ఆయన రాయి వేయలేదు. కోర్టు నిర్దోషి అన్నది. కాబట్టి ఆయనకు గడువే లేదు! "కేసు ఉండెను" అన్న మాట ఆయనను కాటిదాకా వెంటాడుతుంది. శిక్ష పడినవాడికి ఐదేళ్లు, నిర్దోషికి జన్మంతా. ఇది చట్టమా, చట్టం పేరుతో నడిచే దర్బారా?

ఇంకో సెక్షను చూడండి. కోర్టే శిక్ష వేసేటప్పుడు లైసెన్సు రద్దు చేస్తే, అప్పీలులో ఆ శిక్ష కొట్టుకుపోతే, లైసెన్సు రద్దు కూడా దానంతటదే చెల్లకుండా పోతుందని 17వ సెక్షనులో రాసి ఉన్నది. అంటే జడ్జి రద్దు చేసినది నిర్దోషి అని తేలగానే పోతుంది. మరి ఆఫీసరు రద్దు చేసినది ఎందుకు పోదు? జడ్జి ఉత్తర్వు కన్నా ఆఫీసరు ఉత్తర్వు గట్టిదా?

అదే చట్టం 14వ సెక్షనులో ఒక మంచి మాట ఉన్నది. మన సభ్యులందరూ గుర్తు పెట్టుకోవాలి. ఆస్తిపాస్తులు చాలినంత లేవన్న ఒక్క కారణంతో ఎవరికీ లైసెన్సు నిరాకరించరాదు. పార్లమెంటు ఈ మాట ఊరికే రాయలేదు. అంతకుముందు ఉన్నది 1878 చట్టం. లిట్టన్ వైస్రాయిగా ఉండగా తెచ్చినది. భారతీయుడికి లైసెన్సు తప్పనిసరి, దొరకు మినహాయింపు. ఆ చట్టం చూసేది మనిషి నడత కాదు, మనిషి ఎవరన్నది.

మిల్లు కార్మికుడికి 'ప్రజా శాంతి' అన్న మాట కొత్తది కాదు. 1930 మే నెలలో గాంధీజీ అరెస్టు కాగానే షోలాపూర్ మిల్లు కార్మికులు వీధుల్లోకి వచ్చారు. దొరతనం మార్షల్ లా పెట్టింది. 1931 జనవరి 12న మల్లప్ప ధన్‌శెట్టి, కుర్బాన్ హుసేన్, జగన్నాథ్ షిండే, శ్రీకిసన్ సార్డాలను ఉరితీసింది. అదీ శాంతి పేరుతోనే. ఆ ఉరికి రెండు నెలలు తిరగగానే, 1931 మార్చిలో కరాచీ కాంగ్రెసు పౌరుల హక్కుల తీర్మానం చేసింది. నియమాలకు లోబడి ఆయుధం ఉంచుకునే హక్కు కూడా అందులో ఒకటి.

స్వాతంత్ర్యం వచ్చాక ఆ హక్కు రాజ్యాంగంలోకి రాలేదు. 1948 డిసెంబరులో రాజ్యాంగ సభలో హెచ్.వి. కామత్ ఆ సవరణ పెట్టారు, అంబేద్కర్ గారు ఒప్పుకోలేదు. ఆయన ఒప్పుకోకపోవడమే సరైనదని మేమూ అంటాము. అడిగినవాడికల్లా తుపాకి ఇస్తే ముందు చచ్చేది బీదవాడే. పెళ్లి ఊరేగింపులో తుపాకి పేల్చినా, 2019 సవరణ ప్రకారం రెండేళ్ల జైలు గాని, లక్ష రూపాయల జరిమానా గాని, రెండూ గాని పడవచ్చు. ఆ సవరణను మేము సమర్థిస్తాము. ఒక మనిషి దగ్గర రెండు తుపాకులకు మించి ఉండరాదన్న నియమం కూడా మంచిదే. కాబట్టి మా గొడవ తుపాకి హక్కు గొడవ అని ఎవరూ పొరబడవద్దు. తుపాకి మన ప్రాథమిక హక్కు కాదు. కాని ప్రభుత్వం ముందు అందరూ సమానమన్నది, మన మాట విని కారణం చెప్పి నిర్ణయం చేయాలన్నది మన హక్కు. మేము కొట్లాడేది దానికోసం.

ఇక కోర్టు సంగతి. హైకోర్టుకు పోతే జడ్జిగారు లైసెన్సు చేతికిస్తారని చాలామంది అనుకుంటారు. అట్లా జరగదు. ఈ మనిషికి తుపాకి ఇవ్వవచ్చునా లేదా అని హైకోర్టు సాధారణంగా తూకం వేయదు, అది లైసెన్సు అధికారి పని అంటుంది. కోర్టు చూసేవి మూడు. మనిషి మాట విన్నారా? కారణం రాశారా? రాసిన కారణం చట్టంలో ఉన్నదేనా?

మొదటిదానికి ఆధారం 1978లో మేనకా గాంధీ పాస్‌పోర్టు కేసు. మనిషికి చెప్పుకునే అవకాశం ఇవ్వకుండా అతని హక్కును దెబ్బతీసే ఉత్తర్వు నిలవదని సుప్రీంకోర్టు గట్టిగా చెప్పింది. రెండవదానికి అదే కాలంలో వచ్చిన మొహిందర్ సింగ్ గిల్ కేసు. ఉత్తర్వు మంచిదా చెడ్డదా అన్నది అందులో రాసిన కారణాలతోనే తేలాలి, తరువాత కోర్టులో అఫిడవిట్ వేసి కొత్త కారణాలు అతికించరాదు అన్నారు. ఈ రెండవ సూత్రమే మనల్ని కాపాడింది. ఎందుకంటే మన కేసులో సర్కారు వకీలు కొత్త అఫిడవిట్ వేశారు. ఆ సభ్యుడు యూనియన్‌లో చురుకైనవాడట, ఆ ప్రాంతం సున్నితమైనదట! 2022 ఉత్తర్వులో లేని మాటలు 2025లో ఎక్కడినుంచి పుట్టాయి? అయితే ఒక విధంగా మంచిదే అయింది, లోపలి మాట బయటపడింది. అసలు నేరం రాయి కాదు, యూనియన్!

మూడవదాని మీద అలహాబాదు హైకోర్టు తీర్పులు అనేకం ఉన్నాయి. క్రిమినల్ కేసు నడుస్తున్నదన్న ఒక్క కారణంతో లైసెన్సు రద్దు చేయడం కుదరదు, ఆ మనిషి దగ్గర తుపాకి ఉంటే ప్రజా శాంతికి ఎట్లా ముప్పో చూపించాలి అని ఆ కోర్టు పదేపదే చెప్పింది. కేసు నడుస్తుండగానే ఈ మాట అంటే, కేసు కొట్టేసిన తరువాత సంగతి వేరే చెప్పాలా?

అధికారులు దీనికి ఒక జవాబు తయారుగా పెట్టుకున్నారు: "నిర్దోషి కాదు, సందేహ లాభం మీద బయటపడ్డాడు." 2013లో ఢిల్లీ పోలీసు ఉద్యోగాల విషయమైన మెహర్ సింగ్ కేసును చూపిస్తారు. కేసు కొట్టేసినంత మాత్రాన పోలీసు ఉద్యోగం ఇచ్చి తీరాలని లేదు, ఎందుకు విడుదలైనాడో అధికారులు పరిశీలించవచ్చు అని అందులో సుప్రీంకోర్టు అన్నది నిజమే. కాని పరిశీలించవచ్చు అంటే ఏమిటి? తీర్పు చదవాలి, సాక్షులు ఏమన్నారో చూడాలి, ఆలోచించి రాయాలి. మన సభ్యుడి ఫైలులో తీర్పు కాపీని విప్పిన గుర్తు కూడా లేదు. పరిశీలించే అధికారం ఉన్నదంటే పరిశీలించకుండా ఉండే అధికారం అని అర్థమా?

2025 జూన్‌లో హైకోర్టు ఆ ఉత్తర్వులు రెండూ కొట్టివేసింది. సభ్యుడి మాట విని, విడుదల తీర్పును చూసి, 12 వారాలలో కొత్తగా నిర్ణయం చేయమన్నది. ఆ రోజు మేము పేడాలు పంచుకున్నాము. కాని ఫైలు వెళ్లింది ఎక్కడికి? అదే ఆఫీసుకు, అదే బల్లమీదికి. 12 వారాలు ఎప్పుడో దాటిపోయాయి. పోయినప్పుడల్లా "రిపోర్టు రావాలె, సాబు మీటింగులో ఉన్నారు" అంటున్నారు. కోర్టు ఇచ్చిన గడువును కూడా గడప బయట నిలబెట్టే ఆఫీసును ఏమనాలి? మా వకీలు ధిక్కరణ నోటీసు పంపారు. ఆ ఖర్చు కూడా మీ చందాలోనుంచే అయింది, దాచుకోవడం లేదు.

జడ్జిల మీద మాకు కోపం లేదు. వాళ్లు చేయగలిగింది చేశారు. కాని ఒక్క మాట అనక తప్పదు. కొట్టివేయడం, తిప్పి పంపడం, మళ్లీ నామంజూరు, మళ్లీ రిట్. ఈ తిరుగుడులో సేఠ్ నిలబడగలడు, ఆయనకు వకీలు ఇంటికే వస్తాడు. కార్మికుడు నిలబడలేడు. బొంబాయికి ఒక తారీఖుకు పోతే రెండు రోజుల కూలి పోతుంది. 2025 ఆగస్టు నుంచి కొల్హాపూర్‌లో హైకోర్టు సర్క్యూట్ బెంచి వచ్చింది. షోలాపూర్, ఇచల్‌కరంజి కార్మికులకు దారి కొంత దగ్గరైంది, సంతోషమే. భివండివాళ్లకు బొంబాయి ఎట్లాగూ దగ్గరే. దారి దగ్గరైనా తిప్పుడు తగ్గకపోతే లాభమేమి? అధికారి రెండోసారి కూడా అదే పాత కారణం రాయకుండా కోర్టు ముందే కట్టడి చేయాలి. ఆ అధికారం హైకోర్టుకు ఉన్నది.

ఈలోగా మన సభ్యుడు ఏం చేస్తున్నాడు? ఒక అపార్ట్‌మెంటు గేటు దగ్గర రాత్రి షిఫ్టులో కుర్చీ వేసుకుని కూర్చుంటున్నాడు. వయసు 53. ఆయుధ డీలరు దగ్గర జమ ఉన్న బందూకుకు అద్దె కడుతున్నాడు. గడువు దాటితే అది సర్కారు పరమైపోతుందని భయం. క్రెడిట్ సొసైటీ అప్పు తీర్చింది బీడీలు చుట్టిన ఆయన భార్య. ఏ బందూకువల్ల ప్రజా శాంతికి ముప్పు అన్నారో, దానికోసం తీసుకున్న అప్పును బీడీల కూలితో తీర్చింది ఆ తల్లి.

ఇప్పుడు చెప్పు తమ్ముడా, ఇది ఒక్క తుపాకి గొడవేనా? ఇవాళ ఆయన లైసెన్సు. రేపు నీ కొడుకు గల్ఫుకు పోవడానికి పాస్‌పోర్టు వెరిఫికేషన్. ఎల్లుండి నీ బిడ్డకు సర్కారు నౌకరికి క్యారెక్టర్ సర్టిఫికెట్. అన్నింటికీ అదే స్టేషను, అదే రిజిస్టరు, అదే "కేసు ఉండెను". ధర్నాకు వచ్చినవాడి మీద చాప్టర్ కేసు వేస్తారు, అది తేలిపోతుంది, మరక మిగులుతుంది. యాజమాన్యానికి ఇంతకంటే ఏం కావాలి? మనల్ని జైల్లో పెట్టనక్కరలేదు, ఒక ఎఫ్.ఐ.ఆర్. రాయిస్తే చాలు. ఆ భయంతో మనమే గేటు దగ్గరికి రావడం మానేస్తాము. ఈ కేసులో యూనియన్ ఫండు ఖర్చు పెట్టింది ఆ భయం మీద కొట్లాడడానికే.

మా డిమాండ్లు ఇవి:

1. కేసు కొట్టివేయబడిన తరువాత పోలీసు రిపోర్టులో ఆ సంగతి తప్పక రాయాలి. రాయని రిపోర్టు చెల్లదని ప్రభుత్వం ఉత్తర్వు ఇవ్వాలి.

2. కేసు కారణంగా అధికారి రద్దు చేసిన లైసెన్సును, ఆ కేసు పోయిన తరువాత నిర్ణీత గడువులో తిరిగి ఇవ్వాలి. ఇవ్వకపోతే కొత్త కారణం ఏమిటో చూపాలి.

3. సమ్మె, ధర్నా, గేటు మీటింగు కేసులను మనిషి నడతకు మచ్చగా లెక్కించరాదు.

4. హైకోర్టు తిప్పి పంపిన ఫైలు గడువులో తేలకపోతే ఆ అధికారి జీతంలోనుంచి ఖర్చులు ఇప్పించాలి.

గన్‌మన్ పని చేస్తున్న మన సభ్యులకు నాలుగు జాగ్రత్తలు కూడా చెబుతున్నాము. నామంజూరు అని నోటిమాటతో చెబితే ఒప్పుకోవద్దు, రాతపూర్వక ఉత్తర్వు అడగండి. కారణాలు రాసిపెట్టడం, అడిగితే క్లుప్తంగా ఇవ్వడం అధికారి బాధ్యత. ఇస్తే ప్రజా ప్రయోజనానికి నష్టమని తేల్చినప్పుడు మాత్రమే ఇవ్వకుండా ఉండవచ్చు. అప్పీలు గడువు 30 రోజులు, కాగితం అందిన రోజే యూనియన్ ఆఫీసుకు రండి. ఫారంలో కేసు ఉన్న సంగతి దాచవద్దు, దాచినందుకే లైసెన్సు పోగలదు. లైసెన్సు పోయిన తరువాత బందూకును ఒక్క రోజు కూడా ఇంట్లో ఉంచవద్దు. స్టేషనులోనో, లైసెన్సు ఉన్న డీలరు దగ్గరనో జమచేసి రసీదు భద్రపరచండి. లేకపోతే ఈసారి నిజమైన కేసే అవుతుంది.

మన సభ్యుడి ఫైలు తేలేదాకా ప్రతి సోమవారం పది గంటలకు ఐదుగురం కలిసి ఆ ఆఫీసుకు పోయి, "సాబ్, 12 వారాలు ఎప్పుడు పూర్తవుతాయి?" అని మర్యాదగా అడిగి రావాలని కమిటీ నిర్ణయించింది. రాళ్లు లేవు, నినాదాలు లేవు. ఆ ప్రశ్న ఒక్కటే. వచ్చే సోమవారం వంతుకు పేర్లు కావాలి. జనరల్ బాడీలో ప్రశ్న అడిగిన తమ్ముడి పేరు మొదట రాసుకోవాలని మా కోరిక.

కార్మికుల ఐక్యత వర్ధిల్లాలి!

— కార్యదర్శి